స్కానర్ తెరుచుకోనంటోంది, ఏం చెయ్యాలి? - పాఠకుల ప్రశ్నలు, జవాబులు

ఈసారి వచ్చిన ఉత్తరాలన్నీ ముందేసుకుని చూస్తే, ఒడిశాలో రాయగడ, గుణుపురం, పర్లాకిమిడి, జయపురం వైపు మన తెలుగు మెకానిక్‌లు అడిగినవాటిలో చాలావరకు బండి గురించి కాదు, బండికి పెట్టే ల్యాప్‌టాప్ గురించి. 2020 ఏప్రిల్ 1 నుంచి దేశమంతా బీఎస్ 6 కాలుష్య నిబంధనలు వచ్చాక, బండి కంప్యూటర్‌లో తప్పులు చదివే స్కానర్ పెట్టకుండా అయ్యే పని బాగా తగ్గిపోయింది కదా, ఆ స్కానర్ సాఫ్ట్‌వేరే తెరుచుకోకపోతే బండి షెడ్డులో, ఓనరు బెంచీ మీద, మెకానిక్ ఫోన్లో. అందుకే ఈ వారం మొత్తం కాన్ఫిగ్ ఫైళ్ళకే, అంటే సాఫ్ట్‌వేర్ తన సెట్టింగులు దాచుకునే ఫైళ్ళకే ఇచ్చేశాను. ఫైళ్ళ పేర్లు, ఎర్రర్లు ఇక్కడ తెలుగు అక్షరాల్లో రాస్తున్నాను, కంప్యూటర్లో మాత్రం అవన్నీ ఇంగ్లీషులోనే ఉంటాయి, టైప్ చేసేటప్పుడు గుర్తుంచుకోండి.

ప్రశ్న: మాస్టారూ, మాది రాయగడ. మొన్న వానలో పికప్ బండికి స్కానింగ్ చేస్తుంటే కరెంటు పోయింది. మా ల్యాప్‌టాప్ బ్యాటరీ ఎప్పుడో చచ్చిపోయింది, ఛార్జర్ మీదే నడుస్తోంది, టక్కున ఆగిపోయింది. కరెంటొచ్చాక విండోస్ బాగానే వస్తోంది కానీ డయాగ్నొస్టిక్ సాఫ్ట్‌వేర్ నొక్కితే "కాన్ఫిగరేషన్ సిస్టమ్ ఫెయిల్డ్ టు ఇనిషియలైజ్" అని వస్తోంది, దాని కింద "రూట్ ఎలిమెంట్ ఈజ్ మిస్సింగ్" అని ఉంది. తీసేసి మళ్ళీ ఇన్‌స్టాల్ చేశాను, మళ్ళీ అదే. ఫార్మాట్ కొట్టించేయమంటున్నారు ఇక్కడ. కొట్టించేయమంటారా?

జవాబు: వద్దు తమ్ముడూ, ఫార్మాట్ జోలికి పోకు, పది నిమిషాల పని ఇది. ఆ ఎర్రర్ రెండో ముక్కలోనే అసలు విషయం చెప్పేసింది. నీ సాఫ్ట్‌వేర్ మైక్రోసాఫ్ట్ డాట్‌నెట్ మీద రాసినది, ఆ "కాన్ఫిగరేషన్ సిస్టమ్" అన్న మాట అలాంటివాటిలోనే వస్తుంది. అలాంటి సాఫ్ట్‌వేర్లు నువ్వు పెట్టుకున్న సెట్టింగులు, అంటే ఏ పోర్టు, ఏ భాష, చివరగా ఏ బండి చూశావు, ఇవన్నీ యూజర్ డాట్ కాన్ఫిగ్ అనే చిన్న ఎక్స్ఎంఎల్ (గుర్తుల మధ్య సమాచారం రాసే పద్ధతి) ఫైల్లో దాచుకుంటాయి. దాన్ని రాస్తున్న టైములో కరెంటు పోతే ఫైలు పేరు మిగులుతుంది, లోపల సరుకు ఉండదు. రూట్ ఎలిమెంట్ లేదంటే ఫైలు ఖాళీ అని అర్థం. కొందరికి ఇదే చోట "హెక్సాడెసిమల్ వేల్యూ జీరో ఎక్స్ జీరో జీరో, ఈజ్ యాన్ ఇన్‌వ్యాలిడ్ క్యారెక్టర్" అని వస్తుంది, అప్పుడు ఫైలు సైజు ఉంటుంది కానీ లోపలంతా సున్నాలతో నిండిపోయి ఉంటుంది, నోట్‌ప్యాడ్‌లో తెరిస్తే తెల్లగా కనిపిస్తుంది. రెంటికీ మందు ఒకటే.

మళ్ళీ ఇన్‌స్టాల్ చేసినా ఎందుకు పోలేదంటే ఆ ఫైలు ప్రోగ్రామ్ ఫైల్స్‌లో ఉండదు. నీ యూజర్ ఫోల్డర్‌లో, యాప్‌డేటా అనే దాచిపెట్టిన ఫోల్డర్ లోపల లోకల్ అని ఉంటుంది, అందులో ఉంటుంది. అన్‌ఇన్‌స్టాల్ చేసినప్పుడు మామూలుగా దాన్ని ఎవరూ ముట్టుకోరు, కొత్తగా వేసిన సాఫ్ట్‌వేర్ లేవగానే పాత ఖాళీ ఫైలునే చదవబోయి మళ్ళీ పడిపోతుంది.

ఇలా చెయ్యి. సాఫ్ట్‌వేర్ పూర్తిగా మూసెయ్, టాస్క్ మేనేజర్లో కూడా లేదని చూసుకో. విండోస్ బటన్ పట్టుకుని ఆర్ నొక్కు, వచ్చిన డబ్బాలో పర్సంటేజీ గుర్తు, లోకల్‌యాప్‌డేటా, మళ్ళీ పర్సంటేజీ గుర్తు, మధ్యలో ఖాళీ లేకుండా కొట్టి ఎంటర్ చెయ్యి. అక్కడ సాఫ్ట్‌వేర్ కంపెనీ పేరుతో ఫోల్డర్ ఉంటుంది, దాంట్లో ప్రోగ్రామ్ పేరు తోక పట్టుకుని పిచ్చి అక్షరాలున్న ఇంకో ఫోల్డర్, దాంట్లో వెర్షన్ నంబరు, దాంట్లో మన ఫైలు. ఇంత వెతుక్కోవడం ఎందుకనుకుంటే ఎర్రర్ వివరాల్లో బ్రాకెట్‌లో పూర్తి దారి రాసి ఉంటుంది చాలాసార్లు, డీటెయిల్స్ నొక్కి చూడు. ఫైలు దొరికాక డిలీట్ చెయ్యకు, పేరు చివర ఓల్డ్ అని తగిలించు చాలు. ఇప్పుడు సాఫ్ట్‌వేర్ తెరిస్తే కొత్త ఫైలు అదే పుట్టించుకుంటుంది, పోర్టు, భాష, గ్యారేజీ పేరు మళ్ళీ పెట్టుకోవాలి, అంతే. కొన్ని సాఫ్ట్‌వేర్లు యాక్టివేషన్ వివరాలు కూడా ఇందులోనే పెడతాయి కాబట్టి కీ కాగితం దగ్గర పెట్టుకుని మొదలెట్టు.

ఒక్క జాగ్రత్త ఉంది, దీని మీద నేను గట్టిగా చెప్తాను. ఎర్రర్లో చూపించిన దారి యాప్‌డేటాలోది కాకుండా ప్రోగ్రామ్ ఫైల్స్‌లో, సాఫ్ట్‌వేర్ పేరు చివర ఈఎక్స్ఈ డాట్ కాన్ఫిగ్ అని ఉంటే దాని పేరు మార్చకూడదు. అది సాఫ్ట్‌వేర్ తనంతట తాను పుట్టించుకునేది కాదు, ఇన్‌స్టాలర్‌తో వచ్చినది, అది పాడైతే రిపేర్ ఇన్‌స్టాల్ చెయ్యాలి. దారిలో మెషీన్ డాట్ కాన్ఫిగ్ అని కనిపిస్తే అది డాట్‌నెట్ సొంతది, అస్సలు చేత్తో దిద్దొద్దు.

ఇంకో మాట. స్కానింగ్‌లో కరెంటు పోతే సెట్టింగుల ఫైలు పోయింది, బతికిపోయావు. అదే ఈసీయూకి, అంటే ఇంజిన్‌ని నడిపే కంప్యూటర్‌కి, ఫ్లాషింగ్ (కొత్త సాఫ్ట్‌వేర్) ఎక్కిస్తుండగా పోయి ఉంటే కస్టమర్ బండి లేవడమే కష్టమయ్యేది. మన వైపు వానాకాలంలో లైను ఎప్పుడు పోతుందో ఎవరికీ తెలీదు, ల్యాప్‌టాప్‌కి మంచి బ్యాటరీ వేయించుకునేదాకా ఫ్లాషింగ్ పని ఒప్పుకోకు దయచేసి. ఒప్పుకున్న రోజున బండి బ్యాటరీకి కూడా వోల్టేజీ నిలబెట్టే సప్లై పెట్టాలి.

ప్రశ్న: గుణుపురం నుంచి రాస్తున్నాను అన్నా. మా సాఫ్ట్‌వేర్ తేడాగా ఉంటే పార్వతీపురంలో ఉన్న ఫ్రెండు తన కాన్ఫిగ్ ఫైల్లో ఉన్నదంతా కాపీ చేసి వాట్సాప్‌లో మెసేజీగా పంపాడు. ఫోన్లోనే కొంచెం మార్చి, ల్యాప్‌టాప్‌లో పేస్ట్ చేసి సేవ్ చేశాను. ఇప్పుడు "డేటా ఎట్ ద రూట్ లెవెల్ ఈజ్ ఇన్‌వ్యాలిడ్, లైన్ 1, పొజిషన్ 1" అంటోంది. వాడికి బాగానే పనిచేస్తోంది, నాకెందుకు చెయ్యట్లేదు?

జవాబు: వాడికి పనిచేస్తున్నది వాడి ల్యాప్‌టాప్ కాబట్టి. ఇది నాకు ప్రతి నెలా వచ్చే ఉత్తరమే, మనవాళ్ళలో సాయం చేసే గుణం ఎక్కువ, అడగ్గానే ఫైలు పంపేస్తారు. కానీ కాన్ఫిగ్ ఫైలంటే వాడి కేబుల్ ఏ పోర్టులో ఉందో, వాడి యూజర్ ఫోల్డర్ పేరేంటో, వాడి డేటా ఏ డ్రైవులో ఉందో రాసుకున్న కాగితం. నీ దగ్గర డీ డ్రైవే లేకపోతే డీలో వెతుకు అని చెప్పే ఫైలు నీకెందుకు?

ముందు ఈ ఎర్రర్ సంగతి. లైన్ 1, పొజిషన్ 1 అంటే మొదటి అక్షరం దగ్గరే ఆగిపోయింది. ఎక్స్ఎంఎల్ ఫైలు లెస్-దాన్ గుర్తుతో మొదలవ్వాలి, దానికి ముందు ఒక అక్షరం ఉన్నా ఒప్పుకోదు. మెసేజీ పైన వాడు "ఇదిగో రా" అని రాసిన ముక్క కూడా కలిసి పేస్ట్ అయ్యిందేమో చూడు, చాలాసార్లు అదే. అది తీసేశాక లైను నంబరు మారి ఇంకో ఎర్రర్ వస్తే కంగారు పడకు, ముందుకు జరిగావనే అర్థం. ఆ లైనుకెళ్ళి కొటేషన్ గుర్తులు చూడు. ఫోన్లో దిద్దితే కీబోర్డు నిటారు గుర్తులకి బదులు వంపు తిరిగిన గుర్తులు వేసేస్తుంది, ఐఫోన్లలో ఇది మామూలే, వర్డ్‌లో పేస్ట్ చేసి దిద్దినా అంతే. కంటికి రెండూ ఒకటే, సాఫ్ట్‌వేర్‌కి కాదు. అలాగే గ్యారేజీ పేరులో "అండ్" గుర్తు (&) నేరుగా వేస్తే ఎక్స్ఎంఎల్ ఒప్పుకోదు, "బ్రదర్స్ అండ్ సన్స్" అని బోర్డు ఉన్న గ్యారేజీలన్నిటికీ ఇది తగులుతుంది, అక్షరాల్లో "అండ్" అని రాసుకుంటే గొడవే లేదు.

నీది ఎక్స్ఎంఎల్ కాబట్టి కనీసం అరిచింది. ఐఎన్ఐ ఫైలైతే అరవదు, అది ఇంకా ప్రమాదం. ఐఎన్ఐ అంటే చదరపు బ్రాకెట్‌లో ఒక తలకట్టు, దాని కింద "పోర్ట్=కామ్7" లాంటి లైన్లు, కామ్7 అంటే కేబుల్ ఉన్న పోర్టు నంబరు. ఆ ఏడు తర్వాత కామెంటో ఇంకేదైనా ముక్కో అంటుకుంటే కొన్ని సాఫ్ట్‌వేర్లు ఆ పేరుతో పోర్టు వెతికి లేదంటాయి. ఇంకోటి, నోట్‌ప్యాడ్‌లో సేవ్ చేసేటప్పుడు ఎన్‌కోడింగ్ (అక్షరాల్ని బైట్లుగా రాసే పద్ధతి) దగ్గర "యూటీఎఫ్-8 విత్ బామ్" అని పెడితే ఫైలు మొదట్లో కనపడని మూడు బైట్లు చేరతాయి, విండోస్ ఐఎన్ఐ చదివే పాత పద్ధతికి వాటి సంగతి తెలీదు, దాంతో మొదటి తలకట్టు గుర్తుపట్టదు, దాని కింద ఉన్న సెట్టింగులన్నీ లేనట్టే లెక్కేసి తన సొంత విలువలు పెట్టుకుని నడిచేస్తుంది. ఫైల్లో సరిగ్గానే ఉంది, సాఫ్ట్‌వేర్ వినట్లేదు అని తల పట్టుకునేవాళ్ళు ముందు ఇది చూసుకోండి. విండోస్ 10 లో 1903 వెర్షన్ నుంచి నోట్‌ప్యాడ్ కింద కుడి మూల ఎన్‌కోడింగ్ ఏంటో చూపిస్తుంది, మామూలు యూటీఎఫ్-8 గానీ ఏఎన్ఎస్ఐ గానీ ఉంటే చాలు.

ఫైలు పేరు కూడా చూడు, ఎక్స్‌టెన్షన్లు దాచి ఉంచే సెట్టింగు ఆన్‌లో ఉంటే నువ్వు సేవ్ చేసింది సెట్టింగ్స్ డాట్ ఐఎన్ఐ డాట్ టీఎక్స్‌టీ అయి కూర్చుంటుంది, పక్కనే పాతది అలాగే ఉంటుంది, ఫోల్డర్ వ్యూలో ఫైల్ నేమ్ ఎక్స్‌టెన్షన్స్ టిక్కు పెట్టుకుంటే తెలిసిపోతుంది.

ఇప్పుడు నువ్వు చెయ్యాల్సింది, ఆ ఫైలు పక్కన పడేసి నీ పాత ఫైలుకి తిరిగి రా. లేదంటావా, పైన రాయగడ తమ్ముడికి చెప్పినట్టు కొత్తది పుట్టించు. ఫ్రెండు దగ్గర కావాల్సింది ఒక్క లైనే అయితే ఆ లైను ఫోన్లో చదివించుకుని నువ్వు టైప్ చెయ్యి. మొత్తం ఫైలే కావాలంటే మెసేజీగా కాదు, డాక్యుమెంట్‌గా పంపమను. సాఫ్ట్‌వేర్ బాగా పనిచేస్తున్న రోజున నీ కాన్ఫిగ్ ఫోల్డర్ మొత్తం ఒక పెన్‌డ్రైవ్‌లో తేదీ వేసి పెట్టుకో, పెన్‌డ్రైవ్ మీద గ్యారేజీ పేరు రాసి టూల్ బాక్సులో పడెయ్. దానికి మించిన కాన్ఫిగ్ ఫైలు నీకు ఎవరూ పంపలేరు.

ప్రశ్న: జయపురంలో చిన్న గ్యారేజీ. యూఎస్‌బీ కేబుల్ స్కానర్ నిన్నటిదాకా కామ్5 లో పనిచేసింది, ఈరోజు "పోర్ట్ నాట్ ఫౌండ్". కేబుల్ పోయిందా?

జవాబు: కేబుల్ పోలేదు, నిన్న పెట్టిన సాకెట్లో కాకుండా పక్క సాకెట్లో పెట్టి ఉంటారు. చవక కేబుళ్ళలో ఎక్కువగా సీహెచ్340 చిప్ ఉంటుంది, దానికి మామూలుగా సీరియల్ నంబరు ఉండదు, అందుకని విండోస్ ప్రతి సాకెట్‌లోనూ దాన్ని కొత్తదనుకుని కొత్త కామ్ నంబరు ఇస్తుంది. ఎఫ్‌టీడీఐ చిప్ ఉన్న కేబుల్‌కి మామూలుగా సీరియల్ నంబరు ఉంటుంది కాబట్టి ఎక్కడ పెట్టినా అదే నంబరు. డివైస్ మేనేజర్ తెరిచి పోర్ట్స్ కింద ఇప్పుడు ఏ నంబరుందో చూసి సాఫ్ట్‌వేర్లో అదే పెట్టండి. నంబరు 9 దాటిపోతే కొన్ని పాత సాఫ్ట్‌వేర్లు తెరవలేవు, అప్పుడు పోర్టు ప్రాపర్టీస్, పోర్ట్ సెట్టింగ్స్, అడ్వాన్స్‌డ్‌లోకి వెళ్ళి చిన్న నంబరు ఇవ్వొచ్చు. అన్నీ "ఇన్ యూజ్" అంటే వ్యూ మెనూలో షో హిడెన్ డివైసెస్ పెట్టండి, ఎప్పుడో పెట్టి తీసేసిన కేబుళ్ళు మసకగా కనిపిస్తాయి, వాటిని తీసేస్తే నంబర్లు ఖాళీ అవుతాయి. ఆ తర్వాత ఆ సాకెట్ పక్కన మార్కర్‌తో గీత పెట్టుకోండి.

బ్లూటూత్ ఈఎల్ఎం327 స్కానర్ అడాప్టర్ వాడేవాళ్ళకి జత చేశాక రెండు కామ్ పోర్టులు కనిపిస్తాయి, అవుట్‌గోయింగ్ అని ఉన్నదే పెట్టాలి. సీరియల్ పోర్టులో స్పీడు 38400 మామూలు, తీసుకోకపోతే 115200 పెట్టి చూడండి. దాని మీద "వెర్షన్ 1.5" అని ఉందని గొప్పగా అమ్ముతారు గానీ అసలు చిప్ తయారుచేసిన కెనడా కంపెనీ ఎల్మ్ ఎలక్ట్రానిక్స్ 1.5 అనే వెర్షనే ఎప్పుడూ తేలేదు, అవన్నీ నకళ్ళు. ఇంజిన్ కోడ్లు చదవడానికి పనికొస్తాయి, అంతకుమించి వాటితో రాసే పని పెట్టుకోవద్దు.

ప్రశ్న: పర్లాకిమిడి. కొత్త ల్యాప్‌టాప్ కొన్నాను, షాపువాళ్ళు యూజర్ పేరు ఒడియా అక్షరాల్లో పెట్టి ఇచ్చారు, చూడ్డానికి బాగుంది. స్కానర్ సాఫ్ట్‌వేర్ ఎక్కింది కానీ తెరిస్తే కాన్ఫిగ్ ఫైల్ దొరకలేదంటోంది, దారిలో నా పేరున్న చోట ప్రశ్నార్థకాలు వస్తున్నాయి.

జవాబు: పట్టుకున్నారు మీరే, ఆ ప్రశ్నార్థకాలే రోగం. పాత పద్ధతిలో రాసిన సాఫ్ట్‌వేర్లు విండోస్ ఏఎన్ఎస్ఐ కోడ్ పేజీల మీద, అంటే అక్షరాల పాత పట్టికల మీద ఆధారపడతాయి, ఒడియాకి గానీ తెలుగుకి గానీ అలాంటి కోడ్ పేజీ లేదు, యూనికోడ్‌లోనే ఉంటాయి. అందుకని సాఫ్ట్‌వేర్‌కి మీ పేరు చదవడం రాక ప్రశ్నార్థకాలు వేసుకుని, ఆ పేరుతో ఫోల్డర్ లేదంటుంది. తెలుగులో పెట్టుకున్నా ఇదే జరుగుతుంది. కంట్రోల్ ప్యానెల్లో పేరు మార్చినా లోపల ఫోల్డర్ పేరు మారదు, అక్కడే చాలామంది ఆగిపోతున్నారు. ఇంగ్లీషు అక్షరాల్లో, ఖాళీ లేకుండా "గ్యారేజ్" లాంటి పేరుతో కొత్త లోకల్ యూజర్ పెట్టి, దానికి అడ్మినిస్ట్రేటర్ హక్కులిచ్చి, అందులోకి వెళ్ళి సాఫ్ట్‌వేర్ వేసుకోండి. మీ ఒడియా పేరు యూజర్ ఇంటి పనికి అలాగే ఉంచుకోండి. మన అక్షరాల్లో పేరు రాసుకుంటే పడిపోయే సాఫ్ట్‌వేర్లు ఇంకా అమ్ముతున్నందుకు నాకు బాధగానే ఉంది, తయారీదారులు దిద్దుకోవాల్సిన విషయం ఇది, అప్పటిదాకా మన పని ఆగకూడదు కదా.

ప్రశ్న: బరంపురం. ఐఎన్ఐ ఫైలు ప్రోగ్రామ్ ఫైల్స్‌లో దిద్ది సేవ్ చేశాను, సాఫ్ట్‌వేర్లో మాత్రం పాత విలువలే వస్తున్నాయి.

జవాబు: యాప్‌డేటా, లోకల్, దాంట్లో వర్చువల్‌స్టోర్ ఫోల్డర్ చూడండి, అదే ఫైలుకి ఇంకో కాపీ అక్కడ ఉండి ఉంటుంది. ప్రోగ్రామ్ ఫైల్స్‌లో రాసే హక్కు లేని పాత సాఫ్ట్‌వేర్ సేవ్ చేస్తే విండోస్ చప్పుడు చెయ్యకుండా అక్కడ దాస్తుంది, విస్టా రోజుల నుంచీ ఇంతే, తర్వాత చదివేటప్పుడు కూడా అదే కాపీ ఇస్తుంది. సాఫ్ట్‌వేర్ మూసేసి, ఆ కాపీని పక్కకి జరిపి మళ్ళీ తెరవండి.

ప్రశ్న: కొరాపుట్ నుంచి. పాస్-త్రూ డివైస్ (ల్యాప్‌టాప్‌ని బండి ఈసీయూకి కలిపేది) కొన్నాం, జే2534 అని ఉంది. దాని డ్రైవర్ వేసినా కంపెనీ సాఫ్ట్‌వేర్ లిస్టులో డివైస్ పేరు రావట్లేదు.

జవాబు: ఆ లిస్టు విండోస్ తన సెట్టింగులు దాచుకునే రిజిస్ట్రీలోంచి వస్తుంది, పాస్‌త్రూసపోర్ట్ డాట్ 04 డాట్ 04 అనే కీ కింద ఒక్కో డివైస్‌కి ఒక్కో ఫోల్డర్ ఉంటుంది, అందులో ఫంక్షన్‌లైబ్రరీ అనే చోట డ్రైవర్ డీఎల్ఎల్ ఫైలు దారి ఉంటుంది. కీ ఉంది కానీ ఆ దారిలో డీఎల్ఎల్ లేదంటే యాంటీవైరస్ లాక్కెళ్ళిందేమో క్వారంటైన్‌లో చూడండి. 64 బిట్ విండోస్‌లో 32 బిట్ సాఫ్ట్‌వేర్ వెతికేది వావ్6432నోడ్ అనే కీ కింద, డ్రైవర్ తన వివరాలు అక్కడ రాయకపోతే కనపడదు. రిజిస్ట్రీలో చేత్తో రాయొద్దు, డ్రైవర్ తీసేసి అడ్మినిస్ట్రేటర్‌గా మళ్ళీ వేస్తే సరిపోతుంది.

ప్రశ్న: నేను మెకానిక్‌ని కాదండి, మాది సాలూరు దగ్గర, కారు మాత్రం కొరాపుట్‌లో చేయిస్తాను. సుంకి ఘాట్ ఎక్కుతుంటే ఇంజిన్ లైట్ వెలిగి లాగడం తగ్గిపోయింది. గ్యారేజీలో స్కానర్ పెట్టి "కాన్ఫిగరేషన్ ఎర్రర్ వస్తోంది, ఈసీయూ మార్చాలి" అన్నారు. ఈసీయూ అంటే పెద్ద ఖర్చు, నమ్మొచ్చా?

జవాబు: ఇప్పుడే ఒప్పుకోకండి అమ్మా. పైన ఉత్తరాలన్నీ చూశారు కదా, కాన్ఫిగరేషన్ ఎర్రర్ అనే మాట ల్యాప్‌టాప్‌లోది కావచ్చు, మీ కారుతో దానికి సంబంధమే ఉండకపోవచ్చు. ఆ ఎర్రర్ కారు నుంచి స్కానర్ ప్లగ్ పీకేసినా వస్తోందా అని అడగండి. ప్లగ్ లేకుండా సాఫ్ట్‌వేర్ తెరిచినా అదే వస్తే అది ల్యాప్‌టాప్ రోగం, మీ ఈసీయూది కాదు.

ప్లగ్ పెట్టినప్పుడే వస్తోందంటే, కారు నుంచి వచ్చిన కోడ్ ఏంటో అడగండి, పీ అక్షరంతోనో యూ అక్షరంతోనో మొదలై నాలుగు అంకెలుంటాయి. యూ0100 అంటే ఇంజిన్ ఈసీయూతో మాట కలవట్లేదని, అంతేగానీ ఈసీయూ పోయిందని కాదు, వైరు, ఫ్యూజు, ఎర్త్ ఏదైనా కావచ్చు. స్కానర్ లైటే వెలగట్లేదంటే కారులో స్కానర్ పెట్టే 16 పిన్నుల సాకెట్లో 16వ పిన్నుకి బ్యాటరీ 12 వోల్టులు వస్తున్నాయా, 4వ పిన్ను ఎర్త్ ఉందా అని మల్టీమీటర్‌తో చూడమనండి, కొన్ని కార్లలో ఆ ఫ్యూజు సిగరెట్ లైటర్‌తో కలిసి ఉంటుంది, ఫోన్ ఛార్జర్ పెట్టి కాల్చుకున్నవాళ్ళు ఉన్నారు. తర్వాత బ్యాటరీ తీసేసి 6వ పిన్నుకీ 14వ పిన్నుకీ మధ్య రెసిస్టెన్స్ కొలవాలి, కారు కంప్యూటర్లు మాట్లాడుకునే క్యాన్ లైను రెండు చివర్లా 120 ఓంలు ఉంటాయి కాబట్టి దగ్గర దగ్గర 60 చూపించాలి. 120 చూపిస్తే ఒక చివర తెగింది, సున్నాకి దగ్గరగా ఉంటే రెండు వైర్లు ఎక్కడో అతుక్కున్నాయి. సాకెట్‌కీ క్యాన్ లైనుకీ మధ్య గేట్‌వే కంప్యూటర్ ఉన్న కొత్త కార్లలో ఈ లెక్క వేరుగా రావొచ్చు, మీ మోడల్ వైరింగ్ డయాగ్రామ్ చూసి చెప్పమనండి.

ఇవన్నీ చూసినా ఈసీయూ అనే తేలితే, కోడ్లు, కొలతలు కాగితం మీద రాయించుకుని వేరే ల్యాప్‌టాప్ ఉన్న గ్యారేజీలో ఒకసారి చూపించండి. ఘాట్ రోడ్డు మీద ఆ లైటుతో మాత్రం నడపకండి, కారు అక్కడే ఉంచి బస్సులో వచ్చెయ్యండి.